మన తీరానికి కొట్టుకొచ్చింది నీలి తిమింగలమేనా? అసలు అవి ఎక్కడెక్కడ బతుకుతాయి?

ఉప్పుగాలి (అల్లవరం), మే 9
అందరికీ నమస్కారమండి. తాతగారి పాత ఇల్లు విప్పేస్తున్నాం. అటక మీద సామాను దింపుతుంటే ఒక వింత వస్తువు దొరికింది. జానెడున్నర పొడవుంది. ఒక అంచు గోరులా నున్నగా ఉంది, రెండో అంచంతా పీచే. కొబ్బరి తాడు పురి విప్పితే ఎలా ఉంటుందో అచ్చం అలాగే ఉంది. ముట్టుకుంటే గరుగ్గా తగులుతోంది. నాన్నగారిని అడిగితే "ఓడలరేవు దిగువన తిమింగలం కొట్టుకొచ్చినప్పుడు మీ తాత తెచ్చాడురా, దాని నోట్లోది" అన్నారు.

అప్పటికి నాన్నగారికి పదేళ్ళు. ఊరంతా సైకిళ్ళేసుకుని వెళ్ళారట. కంపుకి తట్టుకోలేక ముక్కుకి తువ్వాళ్ళు కట్టుకుని చూశారట. గడ్డం నుంచి పొట్ట దాకా నాగలి చాళ్ళలాంటి గీతలున్నాయని, పిల్లలు వాటిలో చేతులు పెట్టి చూశారని చెప్పారు. అందరూ నీలి తిమింగలం అన్నారట. రెండు రోజుల తర్వాత గొయ్యి తీసి పూడ్చేశారు.

నా సందేహం ఏంటంటే, నీలి తిమింగలం అంటార్కిటికాలో ఉండేది కదా? మన గోదావరి మొగల దాకా దారి తప్పి వచ్చిందా?

లంకవాసి (ముమ్మిడివరం), మే 9
మా అమ్మమ్మ కూడా ఇలాంటిదే చెప్పేది. తుఫాను వెలిసిన తర్వాత వచ్చిందనేది. ఆ వస్తువు ఫొటో పెట్టండి, చూడాలని ఉంది.

అమలాపురం మాస్టారు, మే 10
ఉప్పుగాలి గారూ, మీ దగ్గరున్నది తిమింగలం నోట్లోని జల్లెడ ముక్క. బలీన్ అంటారు. మన గోళ్ళు, వెంట్రుకలు దేనితో తయారవుతాయో అదీ ఆ పదార్థంతోనే తయారవుతుంది. పై దవడ నుంచి ఇలాంటివి వందల కొద్దీ దువ్వెన పళ్ళలా వేలాడుతుంటాయి. నోరు తెరిచి ఓ చెరువంత నీళ్ళు తీసుకుని, ఈ పీచులోంచి బయటికి నెట్టేస్తే సన్న రొయ్యలు లోపల మిగిలిపోతాయి. మీ నాన్నగారు చూసిన చాళ్ళు కూడా అందుకే. ఆ నీళ్ళు పట్టడానికి గొంతు సంచిలా సాగాలి.

ఇక దారి తప్పడం గురించి. చాలామంది అలాగే అనుకుంటారు కానీ అది నిజం కాదు. నీలి తిమింగలం ఉత్తర ధ్రువం మంచు సముద్రంలో తప్ప అన్ని మహాసముద్రాల్లోనూ ఉంది. అందులో ఉపజాతులున్నాయి. అంటార్కిటికా రకం అన్నిటికన్నా పెద్దది, దాదాపు 30 మీటర్ల దాకా పెరుగుతుంది. మన వైపు ఉత్తర హిందూ మహాసముద్రంలో ఉండేది వేరే రకం, దానికన్నా కాస్త చిన్నది. దాని శాస్త్రీయ నామంలో చివరి మాటే 'ఇండికా'. 1859లో ఎడ్వర్డ్ బ్లైత్ ఆ పేరు పెట్టారు, కలకత్తాలో ఏషియాటిక్ సొసైటీ మ్యూజియం చూసుకునేవారాయన. అందుకు ఆధారమైన ఎముకలు దొరికింది ఎక్కడో కాదు, బంగాళాఖాతం అవతలి ఒడ్డున, ఇప్పటి మయన్మార్‌లోని అరకాన్ తీరంలో. అంటే ఈ తిమింగలం పేరు పుట్టిందే మన సముద్రం గట్టు మీద.

మామూలు తిమింగలాలు ఎండాకాలమంతా ధ్రువాల దగ్గర మేసి, చలికాలానికి వేడి నీళ్ళకి వచ్చి ఈనుతాయి. ఇవి అలా కాదు. అంటార్కిటికాకి పోవు. ఏడాది పొడుగునా భూమధ్యరేఖకి దగ్గర్లోని వెచ్చటి నీళ్ళలోనే తిరుగుతాయి. శ్రీలంకలో మిరిస్సా దగ్గర, ట్రింకోమలీ దగ్గర వీటిని చూడ్డానికి ప్రపంచం నలుమూలల నుంచీ జనం వస్తారు. ట్రింకోమలీ ఎక్కడుంది? మన బంగాళాఖాతం గట్టు మీదే.

కాబట్టి మీ ఊరికి వచ్చింది నీలి తిమింగలమే అయితే అది దారి తప్పిన చుట్టం కాదు, ఇంటి మనిషే. అయితే అది నీలి తిమింగలమేనా అన్నది వేరే ప్రశ్న. మన తీరానికి ఏ పెద్ద తిమింగలం కొట్టుకొచ్చినా నీలి తిమింగలం అనే వార్త వస్తుంది. ఇంకో జాతి ఉంది, బ్రైడ్ తిమింగలం. దానికీ గొంతు కింద చాళ్ళుంటాయి. నలభై, నలభై అయిదు అడుగుల దాకా పెరుగుతుంది. 2021 ఏప్రిల్‌లో బంగ్లాదేశ్ కాక్స్ బజార్ దగ్గర రెండు రోజుల్లో రెండు పెద్ద కళేబరాలు కొట్టుకొచ్చాయి, అవి బ్రైడ్ తిమింగలాలు.

మీ ముక్క రంగు చెప్పండి. పీచు రంగు, నున్నటి పలక రంగు విడివిడిగా చెప్పాలి. ఎండలో పెట్టి చూడండి.

సరంగు_భైరవపాలెం, మే 12
మాస్టారూ నమస్తే. వేట నిషేధం కదండీ, జూన్ 14 దాకా బోటు కాకినాడ జెట్టీలోనే ఉంటుంది. వలలు బాగుచేసుకుంటూ ఇదంతా చదివాను.

ఆయ్, నేను చూశానండి. ఒడ్డున కాదు, లోపల. సూరలకి, వంజరానికి బాగా దూరం వెళ్తాం. గోదారి బురద నీళ్ళు దాటాక పచ్చ నీళ్ళొస్తాయి, అవీ దాటాక రంగు నల్లగా, సిరా పోసినట్టు అయిపోతుంది. అక్కడ అడుగు అందదు. నా సర్వీసులో మూడు సార్లు చూశాను. ముందు చప్పుడు వస్తుంది, లారీ ఎయిర్ బ్రేకు వదిలితే ఎలా ఉంటుందో అలా. అటు తిరిగి చూసేసరికి నీళ్ళ పొగ లేచి ఉంటుంది. తర్వాత వీపు కనపడుతుంది. అది ఎంతకీ అయిపోదండి! మా కళాసీలు గంగమ్మ తల్లిని తలుచుకుని ఇంజను ఆపేస్తారు. అది వెళ్ళేదాకా ఎవరూ మాట్లాడరు.

ఇది ఏ రకమో మాకు తెలీదు, అడిగినవాళ్ళూ లేరు. ఒక్కటి చెప్పండి, అది మేం పట్టే చేపలు తింటుందా?

యానాం_కెరటం, మే 12
సరంగు బాబాయ్, మీరు రాసింది చదువుతుంటే ఒళ్ళు జలదరించింది. నేను విశాఖలో ఎమ్మెస్సీ చేస్తున్నాను, సముద్ర జీవశాస్త్రం. మీరు చెప్పినలాంటి సమాచారం మా పుస్తకాల్లో లేదు.

మీ ప్రశ్నకి జవాబు: తినదు. నీలి తిమింగలం తిండి అంతా సన్న రొయ్యల్లాంటి జీవులే. మిగతా సముద్రాల్లో క్రిల్ తింటుంది, రోజుకి టన్నుల లెక్కన. శ్రీలంక దగ్గర శాస్త్రవేత్తలు దాని పేడ పరీక్ష చేస్తే క్రిల్ కన్నా సెర్జెస్టిడ్ అనే చిన్న రొయ్య జాతి ఎక్కువగా బయటపడింది. సూర, వంజరం, కోనాం ఏదీ దాని తిండి కాదు. శరీరం అంతుంటుంది కానీ గొంతు సన్నం. మనిషిని మింగేంత కూడా పట్టదు.

మీరు నీళ్ళ రంగు గురించి చెప్పారు కదా, వీటి తిండి కథంతా అందులోనే ఉంది. గోదావరి, కృష్ణ, గంగ, బ్రహ్మపుత్ర, ఇరావతి అన్నీ వర్షాకాలంలో మంచినీళ్ళు తెచ్చి బంగాళాఖాతంలో పోస్తాయి. మంచినీళ్ళు తేలిక, ఉప్పునీళ్ళు బరువు. అందుకని పాల మీద మీగడలా పైన ఒక పొర కట్టేస్తుంది. కింద ఉన్న ఎరువంతా పైకి రాకుండా ఆ పొర అడ్డుకుంటుంది. పైకి ఎరువు రాకపోతే నాచు పెరగదు, నాచు లేకపోతే సన్న రొయ్యలుండవు. తుఫాను వచ్చి కలియబెట్టినప్పుడే కొంత పైకొస్తుంది. అదే సోమాలియా, ఒమన్ వైపు అయితే నైరుతి గాలులకి అడుగు నీళ్ళు వాటంతటవే ఉబికి వస్తాయి. అందుకే వర్షాకాలంలో మన నీలి తిమింగలాల్లో చాలావరకు అటువైపు మేతకి పోతాయని, చలికాలంలో తూర్పు వైపుకి, శ్రీలంకకి, బంగాళాఖాతానికి చెదిరిపోతాయని 2012లో ఒక పరిశోధక బృందం ప్రతిపాదించింది. ఇటు కనపడినవీ, ఒడ్డుకి కొట్టుకొచ్చినవీ, పాత వేట లెక్కలూ అన్నీ నెలలవారీగా పేర్చి చెప్పిన మాట అది.

బాబాయ్, మీరు చూసిన మూడుసార్లూ ఏ నెలలో?

సరంగు_భైరవపాలెం, మే 13
రెండు సార్లు సంక్రాంతి వెళ్ళాక. ఇంకోటి శివరాత్రి దగ్గర. అది బాగా గుర్తు, ఉపవాసంలో ఉన్నాను.

అమలాపురం మాస్టారు, మే 13
జనవరి, ఫిబ్రవరి! ఆ మాట నోటు పుస్తకంలో రాసుకున్నాను సరంగు గారూ.

వశిష్ఠ_గట్టు (అంతర్వేది), మే 15
నా మాట ఎవరికైనా కష్టంగా ఉంటే మన్నించండి. మాది సముద్రం మీద బతికే కుటుంబం. తాబేళ్ళు గుడ్లు పెట్టే కాలంలో ఇటు వెళ్ళకు, అటు వెళ్ళకు అంటారు. నిషేధం రెండు నెలలుంది. ఇప్పుడు తిమింగలం అంతరించిపోతోంది అని ఇంకో గీత గీస్తే మేం ఎక్కడికి పోవాలి? దాన్ని చంపింది మేమా? మా తాతల కాలం నుంచీ ఎవరూ తిమింగలం జోలికి వెళ్ళినట్టు వినలేదు.

యానాం_కెరటం, మే 15
మీ బాధలో న్యాయం ఉందన్నా. మీరు చంపలేదు. ఎవరు చంపారో లెక్కలతో సహా ఉంది, రాస్తాను.

గత శతాబ్దంలో అంటార్కిటికా చుట్టూ మూడు లక్షలకు పైగా నీలి తిమింగలాల్ని చంపారు. నార్వే, బ్రిటన్, జపాన్, సోవియట్ ఓడలు. వాటి కొవ్వు నుంచి తీసిన నూనె సబ్బులకీ, కృత్రిమ వెన్నకీ పోయింది. 1930-31 ఒక్క సీజన్లోనే దాదాపు 29 వేలు. చివరికి అక్కడ కొన్ని వందలే మిగిలాయి. 1966లో అంతర్జాతీయ తిమింగల వేట సంఘం నీలి తిమింగలం వేటని పూర్తిగా ఆపేసింది.

మన వైపు సంగతి ఇంకా ఘోరం. 1963 నుంచి 1966 దాకా సోవియట్ ఫ్యాక్టరీ ఓడలు, స్లావా, సోవియెత్‌స్కయా ఉక్రయినా అనేవి, అంటార్కిటికాకి వెళ్తూ వస్తూ అరేబియా సముద్రంలో దాదాపు 1,300 నీలి తిమింగలాల్ని చంపాయి. నిబంధనలకి విరుద్ధంగా, ఎవరికీ చెప్పకుండా. సోవియట్ యూనియన్ పోయాక పాత చిట్టాలు బయటికొస్తే లోకానికి తెలిసింది. అదే కాలంలో, 1966 చివర్లో, 242 మూపురం తిమింగలాల్ని కూడా చంపేశారు. అరేబియా సముద్రపు మూపురం తిమింగలాలు ఇప్పటికీ కోలుకోలేదు, ఒమన్ దగ్గర వేసిన అంచనాలో వందకన్నా తక్కువే తేలాయి. వాటిలో ఒకదానికి ఒమన్‌లో ట్రాన్స్‌మీటర్ పెడితే 2017 డిసెంబర్‌లో సముద్రం దాటి గోవాకి, అక్కణ్ణుంచి కన్యాకుమారి దాకా వచ్చింది. దాని పేరు లుబాన్.

1979లో హిందూ మహాసముద్రాన్ని తిమింగలాల అభయారణ్యంగా ప్రకటించారు. వాణిజ్య వేట మీద సాధారణ నిషేధం 1986 నుంచి అమల్లోకి వచ్చింది. ఇప్పుడు లోకం మొత్తం మీద నీలి తిమింగలాలు 10 వేల నుంచి 25 వేల మధ్య ఉంటాయని అంచనా.

ఇప్పుడు వీటిని చంపుతున్నది బల్లెం కాదు, ఓడ. శ్రీలంక దక్షిణ కొన దోండ్రా దగ్గర తిమింగలాలు మేసే చోటే ప్రపంచంలోని అతి రద్దీ ఓడ దారుల్లో ఒకటి పోతుంది. ఓడ ముక్కు మీద చచ్చిన తిమింగలం వేలాడుతూ రేవుకి వచ్చిన ఫొటోలున్నాయి. ఆషా డివోస్ అనే శ్రీలంక శాస్త్రవేత్త ఏళ్ళ తరబడి దీని గురించే పోరాడారు. ఓడ దారిని 15 నాటికల్ మైళ్ళు దక్షిణానికి జరిపితే ప్రమాదం చాలావరకు పోతుందని లెక్కలు తేల్చాయి. 2022లో ప్రపంచంలోకెల్లా పెద్ద కంటైనర్ ఓడల కంపెనీల్లో ఒకటైన ఎంఎస్‌సీ తనంతట తానే దారి మార్చుకుంది. మిగతావాళ్ళందరూ మారాలి.

అందుకే చెప్తున్నా, ఈ తిమింగలం కోసం మీ నావ ఆపమని ఎవరూ అడగక్కర్లేదు. అడగాల్సింది పెద్ద ఓడల్ని. ఇంకోటి, సముద్రం అడుగున గ్యాస్ కోసం సర్వే చేసేటప్పుడు గాలిని పేలుస్తారు కదా, ఆ చప్పుడు. నీలి తిమింగలం గొంతు మనిషి చెవికి దాదాపు అందనంత మంద్రంగా ఉంటుంది, వందల కిలోమీటర్లు పోతుంది. అవి ఒకదాన్నొకటి వెతుక్కునేది ఆ గొంతుతోనే. కాకినాడకి ఎదురుగా లోతు నీళ్ళలో గ్యాస్ బావులున్నాయి, అవి ఉన్నది సరంగు బాబాయ్ చెప్పిన ఆ నల్ల నీళ్ళలోనే. అక్కడ సర్వే చేసేటప్పుడు తిమింగలం కనపడితే ఆపాలి, ముందు కొంతసేపు చూసి అప్పుడే మొదలుపెట్టాలి. ఆ జాగ్రత్త గట్టిగా అడగాల్సింది మనమే.

వశిష్ఠ_గట్టు (అంతర్వేది), మే 16
ఇది నాకు తెలీదమ్మా. 1,300 అన్న అంకె మా నాన్నకి చదివి వినిపించాను. ఆయన చాలాసేపు ఏం మాట్లాడలేదు. వలలో పొరపాటున పడితే మాత్రం ఏం చెయ్యాలి? రింగు వలల్లో డాల్ఫిన్లు పడటం నేను చూశాను.

అమలాపురం మాస్టారు, మే 17
మంచి ప్రశ్న. పెద్ద తిమింగలం మీ వలలో పడితే వల మీద ఆశ వదులుకోవాలి, అది నిజం. తోకకి తాడు కట్టి లాగకూడదు. ఒడ్డున ప్రాణంతో కనపడినా అంతే, తోక పట్టి లాగితే వెన్ను విరుగుతుంది. నెత్తి మీద ఊపిరి రంధ్రం ఉంటుంది, అందులోకి నీళ్ళు, ఇసక పోకూడదు. తడి గుడ్డలు కప్పి నీడ చెయ్యాలి, జనాన్ని దూరం పెట్టాలి. 2021లో కేంద్ర పర్యావరణ శాఖ ఇలాంటి సందర్భాలకి మార్గదర్శకాలు విడుదల చేసింది. మన తీరంలోని ప్రతి మెరైన్ పోలీస్ స్టేషన్లోనూ, ప్రతి పంచాయతీలోనూ అవి తెలుగులో గోడకి అంటించి ఉండాలని నా కోరిక.

చచ్చి వస్తే పూడ్చేముందు చెయ్యాల్సిన పని ఒకటుంది. నా గుండెలో మంట కూడా అదే. ఉప్పుగాలి గారి ఊళ్ళో కళేబరం రెండు రోజులు పడి ఉంది. వేలమంది చూశారు. ఎవరూ టేపు పెట్టి కొలవలేదు. 2023 జూలైలో శ్రీకాకుళం జిల్లా మేఘవరం తీరానికి 25 అడుగుల నీలి తిమింగలం వచ్చిందని పత్రికల్లో వచ్చింది. ఆలోచించండి, నీలి తిమింగలం పిల్ల పుట్టినప్పుడే ఏడు మీటర్ల పైచిలుకు ఉంటుంది, అంటే 23, 25 అడుగులు. అది నిజంగా నీలి తిమింగలమే అయితే అప్పుడే పుట్టిన పిల్ల అన్నమాట, తల్లి ఆ దగ్గర్లోనే ఈని ఉండాలి. అది ఎంత పెద్ద వార్త! కాకపోతే వేరే జాతి. రెండింటిలో ఏదో తేలాలంటే ముక్కు కొస నుంచి తోక నొక్కు దాకా పొడవు, తల పై భాగం ఫొటో, బలీన్ రంగు, వేలెడంత చర్మం ముక్క ఉంటే చాలు. బ్రైడ్ తిమింగలం తల మీద మూడు గట్లుంటాయి, నీలి తిమింగలానికి ఒక్కటే.

ఎక్కడ బతుకుతాయో చూపించే పటంలో శ్రీలంక దగ్గర చుక్కలు కిక్కిరిసి ఉంటాయి. మన ఆంధ్ర తీరం దగ్గరికొచ్చేసరికి దాదాపు ఖాళీ. లేక కాదు, ఎవరూ రాసుకోక.

ఉప్పుగాలి (అల్లవరం), మే 18
మాస్టారూ, ఎండలో పెట్టి చూశాను. పలక బూడిద రంగు, బొగ్గు ముక్కలా నల్లగా మాత్రం లేదు. పీచు ఇంకా లేత, తెల్లటి బూడిద. దుమ్ము కావచ్చని తడి గుడ్డతో తుడిచాను, అదే రంగు.

అమలాపురం మాస్టారు, మే 18
నీలి తిమింగలం బలీన్ పలకా నలుపే, పీచూ నలుపే. కాబట్టి మీ తాతగారు తెచ్చింది చాలావరకు బ్రైడ్ తిమింగలానిదే అయి ఉండాలి. పొడవు కూడా దానికే సరిపోతోంది. ఖాయంగా తేల్చేది డీఎన్ఏ పరీక్షే, ఇంత పాత ముక్కలో నుంచి కూడా అది తీయొచ్చు.

ఒక మాట చెప్పాలి. తిమింగలాలన్నీ వన్యప్రాణి సంరక్షణ చట్టం మొదటి షెడ్యూల్లో ఉన్నాయి. వాటి ఎముక గానీ, బలీన్ గానీ అనుమతి లేకుండా ఇంట్లో ఉంచుకోకూడదు. మీ తప్పేం లేదు, మీకు తెలీదు. ఆలస్యం చెయ్యకుండా దగ్గర్లోని అటవీ శాఖ ఆఫీసుకి వెళ్ళి, ఏ సంవత్సరం, ఏ ఊరు అన్నది నాన్నగారి చేత కాగితం మీద రాయించి అప్పగించండి. ఆ బలీన్ ముక్క కన్నా ఆ కాగితమే విలువైనది.

ఉప్పుగాలి (అల్లవరం), మే 23
ఇచ్చేశానండి. నాన్నగారు వెంట వచ్చారు. ఇసకలో గీసి చూపించినట్టు ఆఫీసులో తెల్లకాగితం మీద తిమింగలం బొమ్మ వేసి, చాళ్ళు ఎక్కడి నుంచి ఎక్కడి దాకా ఉన్నాయో గీతలు పెట్టారు. 1971 అన్నారు. ఆ ఏడాది మీద ఆయనకి అనుమానం లేదు.

లంకవాసి (ముమ్మిడివరం), మే 23
ఆ బొమ్మ ఫొటో తీసే ఉంటారు, ఇక్కడ పెట్టండి.

యానాం_కెరటం, జూన్ 12
నిషేధం ఎల్లుండితో అయిపోతుంది. సరంగు బాబాయ్, మీరు బయల్దేరేముందు ఇది చదవండి. మళ్ళీ తిమింగలం కనపడితే దగ్గరికి పోవద్దు, ఇంజను మీరు ఇదివరకు ఆపినట్టే ఆపండి. ఊపిరి నిటారుగా లేచిందా, వాలిందా చూడండి. నీలి తిమింగలం ఊపిరి స్తంభంలా నిటారుగా ముప్పై అడుగుల దాకా లేస్తుంది. ఎడమ పక్కకి, ముందుకి వాలితే అది స్పెర్మ్ తిమింగలం. మునిగేటప్పుడు తోక ఎత్తిందా చూడండి. శ్రీలంక నీలి తిమింగలాలు తోక ఎత్తడం ఎక్కువ, బ్రైడ్ దాదాపు ఎత్తదు. వీపు మీద రెక్క ఎంతుంది, ఎంత వెనక ఉంది చూడండి. నీలి తిమింగలానికి అది చిన్న ముక్క, బాగా వెనక ఉంటుంది. మన దేశంలో సముద్ర క్షీరదాల వివరాలు చేర్చే డేటాబేస్ ఒకటి ఉంది, అందులో మీ పేరుతో నేను నమోదు చేయిస్తాను.

సరంగు_భైరవపాలెం, జూన్ 27
అమ్మా, మాస్టారూ, నిన్న రాత్రే ఒడ్డుకి వచ్చాం. వర్షాకాలంలో కనపడదనుకున్నాను. నాలుగో రోజు పొద్దున్న, నల్ల నీళ్ళలో, మబ్బు పట్టి ఉంది. చప్పుడు ముందు మా చిన్న కళాసీ విన్నాడు. ఊపిరి నిటారుగానే లేచింది, మా బోటు కొయ్య కన్నా ఎత్తు. గాలి లేదు కాబట్టి వాలలేదని ఖాయంగా చెప్పగలను. ఆరు సార్లు ఊపిరి తీసుకుంది, లెక్కపెట్టాం. రెక్క చాలా వెనక ఉంది, అరచేయంత కనపడింది. రంగు నీలం అనలేను, సిమెంటు గచ్చు మీద నీళ్ళ మరకల్లా ఉంది. ఆరోసారి తర్వాత తోక ఎత్తింది. కుర్రాడు ఫోన్లో తీశాడు, పదకొండు సెకన్లు, బోటు ఊగుతోంది కానీ తోక కనపడుతుంది.

చోటు జీపీఎస్‌లో గుర్తు పెట్టాను. అంకెలు ఇక్కడ పెట్టను, అందరూ అటు పోతారు. మీ ఇద్దరికీ ఫోన్లో పంపిస్తాను.